ఒకే గురి, వేరు వేరు దెబ్బలు: చలన నియంత్రణ భావ చరిత్రలో నికొలాయ్ బెర్న్‌స్టైన్

పనితనం తెలిసిన కార్మికుడు ఉలి తలపై వరుసగా సుత్తి దెబ్బలు వేస్తున్నప్పుడు సుత్తి ప్రతిసారీ ఇంచుమించు ఒకే చోట పడుతుంది. చేయి కూడా ప్రతిసారీ ఒకే తీరున కదులుతున్నదని చూసేవారికి తోస్తుంది. 1920లలో మాస్కోలో ఈ కదలికను ఛాయాచిత్రాలలో పట్టి కొలిచిన నికొలాయ్ అలెక్సాంద్రొవిచ్ బెర్న్‌స్టైన్ (1896–1966) మాత్రం ఆ నిర్ణయానికి రాలేదు. దెబ్బ ఒకే చోట పడుతున్నా దానిని మోసుకువచ్చే భుజం, మోచేయి, మణికట్టు ఏ రెండు దెబ్బలలోనూ సరిగ్గా ఒకే బాట పట్టడం లేదు. స్వల్పంగా కనిపించే ఈ తేడా నుంచి బయలుదేరిన ఆలోచన, మనిషి కదలిక బయటి ఉద్దీపనకు ఇచ్చే జవాబా, లేక ఇంకా జరగని ఒక ఫలితాన్ని ముందుంచుకొని నాడీవ్యవస్థ నిర్మించే కార్యమా అన్న ప్రశ్న దాకా సాగింది.

బెర్న్‌స్టైన్ చరిత్రను కాలానికి ముందు పుట్టిన మేధావి, అతనిని అణచిన రాజ్యం అన్న రెండు మాటలకు కుదించే అలవాటు చలన శాస్త్ర పాఠ్యగ్రంథాలలో ఉంది. ఆ రెండు మాటలూ అబద్ధం కావు. అయితే ఒక కొలత నుంచి ఒక భావన ఎలా పుట్టిందో, ఆ భావన అప్పటి శరీరక్రియాశాస్త్రానికి ఎందుకు మింగుడు పడలేదో అవి చెప్పవు. ఈ వ్యాసం ఆ క్రమాన్ని పరిశీలిస్తుంది.

ప్రతీకార చర్య ఏలుబడి

బెర్న్‌స్టైన్ వైద్యవిద్య ముగించుకున్న 1919 నాటికి చలనాన్ని వివరించడానికి శరీరక్రియాశాస్త్రం చేతిలో రెండు బలమైన సాధనాలు ఉన్నాయి. మొదటిది మస్తిష్క వల్కల పటం. 1870లో బెర్లిన్‌లో ఫ్రిట్ష్, హిట్జిగ్ అనే ఇద్దరు కుక్క మెదడు పైపొరను విద్యుత్తుతో తాకి, ఒక్కొక్క చోట తాకితే శరీరంలో ఒక్కొక్క భాగం కదులుతుందని చూపారు. అప్పటి నుంచి మెదడును ఒక మీటల పలకగా ఊహించుకోవడం సులువైంది. రెండవది ప్రతీకార చర్య. జ్ఞాననాడి వార్త తెస్తుంది, వెన్నుపాము దానిని మలుపుతుంది, చాలకనాడి కండరాన్ని కదిలిస్తుంది. చార్లెస్ షెరింగ్టన్ 1906లో ప్రచురించిన గ్రంథంలో ఈ సరళమైన చాపాన్ని నాడీవ్యవస్థ సమన్వయానికి మూల ఘటకంగా నిలిపాడు. అయితే సరళ ప్రతీకార చర్య అనేది వివరణ సౌకర్యం కోసం చేసుకున్న కల్పన అని స్వయంగా హెచ్చరించినవాడు కూడా షెరింగ్టనే. ఆయన అనుయాయులలో చాలామంది ఈ హెచ్చరికను అంతగా పట్టించుకోలేదు.

1895లో మాట్, షెరింగ్టన్ కలిసి చేసిన ప్రయోగం ఈ దృక్పథానికి గట్టి ఆధారంగా నిలిచింది. కోతి చేతి నుంచి వచ్చే జ్ఞాననాడుల మూలాలను వారు కోశారు. చాలకనాడులు చెక్కుచెదరలేదు. కండరాలకు ఆజ్ఞ చేరే దారి తెరిచే ఉన్నా కోతి ఆ చేతిని వాడటం మానేసింది. వార్త రాకపోతే చలనం లేదన్న అర్థం దీని నుంచి సహజంగా వచ్చింది. దీనికి విరుద్ధమైన సాక్ష్యాలు రావడానికి ఎక్కువ కాలం పట్టలేదు. 1911లో గ్రాహం బ్రౌన్, మెదడు నుంచి వెన్నుపామును వేరుచేసి జ్ఞాననాడుల మూలాలను తెంచిన పిల్లి కాళ్ళలో సైతం నడకను పోలిన లయ కనిపిస్తుందని చూపాడు. 1917లో కార్ల్ లాష్లీ, తుపాకీ గాయం వల్ల కాలిలో స్పర్శజ్ఞానం పోయిన ఒక రోగి, కాలు ఎక్కడుందో తెలియకుండానే కోరినంత మేర దానిని కదపగలగడం గమనించాడు. ఈ రెండూ ప్రచురితమైనవే. కానీ సిద్ధాంతం తన పట్టు మీద ఉన్నప్పుడు ఇటువంటివి మినహాయింపుల పెట్టెలోకి చేరుతాయి. గ్రాహం బ్రౌన్ ఫలితం సుమారు అర్ధశతాబ్దం ఆ పెట్టెలోనే ఉండిపోయింది.

రష్యాలో ప్రతీకార చర్యకు ఇంకా పెద్ద పీట ఉంది. ఇవాన్ పావ్‌లోవ్ నిబంధిత ప్రతీకార చర్య ద్వారా నేర్చుకోవడం అనే ప్రక్రియనే కొలతకు లొంగదీశాడు. ఆయన ఎంచుకున్నది లాలాజలం. ఆ ఎంపికలోని తెలివిని తక్కువ చేయలేము. చుక్కలు లెక్కపెట్టవచ్చు, ఉద్దీపన ముందూ వెనకలు నిర్ణయించవచ్చు. అయితే గ్రంథికి బరువు, వేగం, కీళ్ళు లేవు. ఒక చుక్క పడిన తీరు తరువాతి చుక్కను దారి తప్పించదు. ఎత్తిన చేతికి ఇవన్నీ ఉన్నాయి. లాలాజలానికి సరిపోయిన నమూనా చేతికి సరిపోతుందా అన్న సందేహం చేతిని కొలిచినవారికే రావాలి.

శ్రమ సంస్థలో సుత్తి

అంతర్యుద్ధ కాలంలో ఎర్రసేనలో వైద్యుడిగా పనిచేసి వచ్చిన బెర్న్‌స్టైన్ 1922లో మాస్కోలోని కేంద్ర శ్రమ సంస్థలో చేరాడు. దాని స్థాపకుడు అలెక్సేయ్ గాస్తెవ్ లోహకార్మికుడు, కవి కూడా. ఆయన కవితా సంపుటి పేరే శ్రామికుని దెబ్బ మీద ఉంది. అమెరికాలో టేలర్ 1911లో ప్రచారం చేసిన శాస్త్రీయ యాజమాన్యాన్ని సోషలిస్టు కర్మాగారానికి తగినట్లు మలచి, ప్రతి పనికీ ఒకే ఒక్క ఉత్తమ కదలికను కనిపెట్టి లక్షలాది రైతుబిడ్డలకు నేర్పాలన్నది గాస్తెవ్ సంకల్పం. యంత్రంతో కదిలే సుత్తిని అభ్యాసకుని చేతికిచ్చి, ఆ కదలిక చేతికి అలవడేదాకా పట్టించే శిక్షణ కూడా అక్కడ ఉండేది. చేయి ఒక అచ్చు అయితే దానిలో కదలికను పోయవచ్చునన్నది దాని వెనుక ఉన్న నమ్మకం.

ఉత్తమ దెబ్బను కనిపెట్టాలంటే ముందు దెబ్బను చూడాలి. చలనాన్ని ఛాయాచిత్రాలలో పట్టే పద్ధతి కొత్తది కాదు. ఫ్రాన్స్‌లో మారే 1880లలో ఆ పని చేశాడు. లైప్‌జిగ్‌లో బ్రౌనె, ఫిషర్ మనిషి నడకను గణితబద్ధంగా విశ్లేషించారు. అయితే వారి పద్ధతిలో కొద్ది అడుగుల విశ్లేషణకే ఎంతో కాలం పట్టేది. బెర్న్‌స్టైన్ కీళ్ళ వద్ద చిన్న విద్యుద్దీపాలు అమర్చి, కెమెరా ముందు తిరిగే షట్టర్ పెట్టి, ఫిల్ము నెమ్మదిగా జరిగే ఏర్పాటు చేశాడు. మళ్ళీ మళ్ళీ జరిగే కదలికలు ఒకదానిపై ఒకటి పడి కలగాపులగం కాకుండా ఫిల్ముపై పక్కపక్కన పరుచుకున్నాయి. ఈ చిన్న మార్పు వల్లనే ఒక దెబ్బను మరొక దెబ్బతో పోల్చడం సాధ్యమైంది. ఒక్క దెబ్బను మాత్రమే అద్భుతంగా చిత్రించే సాధనం ఉంటే ఉత్తమ దెబ్బ అనే భావన క్షేమంగా ఉండేది. వరుస దెబ్బలను చూపే సాధనం దానిని ప్రశ్నార్థకం చేసింది.

ఈ రికార్డులలో కనిపించినది రెండు విధాలు. ఒకటి, చేతి కదలిక విడి విడి ముక్కల కూర్పు కాదు. ఒక చోట మార్పు వస్తే అది మొత్తం కదలికలో ప్రతిధ్వనిస్తుంది. టేలర్ పద్ధతిలో కదలికను ముక్కలుగా కోసి అనవసరమైనది తీసివేయడమనే పనికి ఇది అడ్డు. రెండు, పైన చెప్పిన అస్థిరత. గురి స్థిరం, బాట చంచలం. రెండవ దానిలోని పూర్తి సిద్ధాంతం 1920ల నాటి పత్రాలలోనే సిద్ధంగా ఉన్నదని నేటి పాఠ్యగ్రంథాలు సూచించడం కొంత అతిశయం. అది తరువాతి పదేళ్ళలో నడక, పరుగు, పియానో వాదనం మీద చేసిన పరిశీలనలతో కలిసి రూపు కట్టింది. బెర్న్‌స్టైన్ కొన్నేళ్ళకే శ్రమ సంస్థను వదిలి వెళ్ళాడు. గాస్తెవ్ 1938లో అరెస్టయి, మరుసటి ఏడాది మరణశిక్షకు గురయ్యాడు.

ఆజ్ఞకూ కదలికకూ మధ్య

1935లో వెలువడిన ఒక పత్రంలో బెర్న్‌స్టైన్ తన వాదానికి యాంత్రికశాస్త్ర పునాది వేశాడు. మెదడు నుంచి కండరానికి వెళ్ళే ప్రేరణకూ, దాని వల్ల జరిగే కదలికకూ మధ్య ఒకటికి ఒకటి అనే సంబంధం ఉండదన్నది దాని సారం. కండరం పుట్టించే బలం దానికి అందిన ప్రేరణ పైనే కాక, ఆ క్షణాన దాని పొడవు ఎంత, అది ఎంత వేగంగా కుదించుకుంటున్నది లేదా సాగుతున్నది అన్న వాటిపై కూడా ఆధారపడుతుంది. పైగా అవయవం మీద గురుత్వం పనిచేస్తుంది. మోచేయి కదిలితే భుజం మీద ప్రతిబలం పడుతుంది. అందుచేత ఒకే ఆజ్ఞ వేరు వేరు పరిస్థితులలో వేరు వేరు కదలికలనిస్తుంది. ఒకే కదలిక కావాలంటే ప్రతిసారీ ఆజ్ఞ మారాలి. మెదడును మీటల పలకగా చూసే ఊహకు ఇది గొడ్డలిపెట్టు. మీటకూ మోతకూ స్థిరమైన సంబంధం లేనప్పుడు ఆ పలకపై ఏ కదలిక పేరు రాయగలం?

దీనితో ముడిపడినదే ఆ శాస్త్రంలో నేటికీ ఆయన పేరుతో చెప్పుకొనే సమస్య. బల్ల మీద ఒక చోట వేలికొన ఆనించి, దానిని కదపకుండానే మోచేతిని పైకీ కిందికీ తిప్పవచ్చు. భుజానికి మూడు విధాల, మోచేతికీ ముంజేతికీ కలిపి రెండు విధాల, మణికట్టుకు రెండు విధాల కదలికలున్నాయి. వేళ్ళను లెక్కించకపోయినా మొత్తం 7 స్వతంత్ర చలన అవకాశాలు. అంతరిక్షంలో ఒక బిందువును చేరడానికి 3 చాలు. మిగిలిన వెసులుబాటు వల్ల ఒకే బిందువును చేరే భంగిమలు అసంఖ్యాకం. యంత్రశాస్త్రంలో డిగ్రీస్ ఆఫ్ ఫ్రీడమ్ అనే ఈ అవకాశాలను అదుపులోకి తెచ్చుకోవడమే సమన్వయమని బెర్న్‌స్టైన్ నిర్వచించాడు. అదుపు అన్న మాటలో నేటి శాస్త్రజ్ఞులలో కొందరికి అభ్యంతరం ఉంది. ఈ వెసులుబాటు నాడీవ్యవస్థకు భారం కాదు, వరమని వారి వాదన. సుత్తి దెబ్బల ఫలితమే వారి పక్షాన సాక్ష్యం చెబుతుంది. భుజం కొంచెం ఎక్కువ తిరిగితే మోచేయి కొంచెం తక్కువ వంగి ఆ లోటు సరిచేస్తుంది. అవకాశాలు ఎక్కువ ఉండబట్టే సవరణ సాధ్యమైంది.

ఆజ్ఞ ముందే తెలియదు, బాట స్థిరం కాదు. మరి నాడీవ్యవస్థలో స్థిరంగా ఉన్నదేమిటి? ఒకే అక్షరాన్ని కాగితంపై వేళ్ళతో, నల్లబల్లపై భుజంతో, పెన్సిలును కాలికి కట్టి రాసినా రాతలో ఒక పోలిక మిగులుతుంది. కండరాలు పూర్తిగా వేరు. కనుక మెదడులో నిలిచి ఉన్నది కండరాల జాబితా కాదు, సాధించవలసిన రూపం. కదలిక మధ్యలో కళ్ళూ కీళ్ళూ తెచ్చే వార్తలు ఆ రూపంతో పోల్చుకొని సవరణ చేసుకోవడానికి ఉపయోగపడతాయి. ప్రతీకార చర్య సిద్ధాంతంలో జ్ఞాననాడి వార్త కదలికకు కారణం. బెర్న్‌స్టైన్ దృష్టిలో అది కదలికకు సరిదిద్దు. చాపం వలయమైంది.

దీని ప్రభావం నేర్చుకోవడం అనే భావన మీద లోతుగా పడింది. తెలుగులో అభ్యాసం కూసువిద్య అంటారు. చేసినదే చేయగా చేయగా పని పట్టుబడుతుందన్నది లోకానుభవం. దానిని బెర్న్‌స్టైన్ కాదనలేదు. చేసినదే చేయడం అంటే ఏమిటన్నది ఆయన ప్రశ్న. ఒకే దారిన ప్రేరణ మళ్ళీ మళ్ళీ పోయి నాడీమార్గం అరిగి గాడి పడటమే అభ్యాసమైతే, నేర్చుకొనేవాని మొదటి కదలికలు తప్పులతడకలు గనుక గాడి కూడా తప్పుగానే పడాలి. జరిగేది అది కాదు. అభ్యాసకుడు ప్రతిసారీ పరిష్కారాన్ని కాక, పరిష్కరించే ప్రయత్నాన్ని తిరిగి చేస్తాడు. దీనికి ఆయన పెట్టిన పేరు పునరావృతి లేని పునరావృతి. సైకిలు కొత్తగా తొక్కే పిల్లవాడు చేతులు బిగబట్టి, నడుము కర్రలా నిలిపి కూర్చుంటాడు. కదిలే కీళ్ళను తగ్గించుకోవడం సమస్యను చిన్నది చేసుకొనే ఉపాయం. పట్టు చిక్కేకొద్దీ బిగింపు వదులుతుంది. చివరకు శరీర భాగాలు ఒకదానిపై ఒకటి కలిగించే ప్రతిబలాలే పనికి అక్కరకు వస్తాయి. చేతికి యంత్రసుత్తిని కట్టి నేర్పే పద్ధతి ఈ దశలన్నిటినీ దాటవేస్తుంది. అభ్యాసకుడు పరిష్కారాన్ని అందుకుంటాడు, పరిష్కరించడం మాత్రం నేర్చుకోడు.

వెలువడని గ్రంథం

1930ల మధ్యలో పావ్‌లోవ్ సిద్ధాంతాన్ని నేరుగా విమర్శిస్తూ బెర్న్‌స్టైన్ ఒక గ్రంథం సిద్ధం చేశాడు. అచ్చుకు అక్షరాలు కూర్చడం కూడా జరిగింది. 1936 ఫిబ్రవరి 27న పావ్‌లోవ్ మరణించాడు. జవాబు చెప్పలేని ప్రత్యర్థిపై వాదం ప్రచురించడం తగదని బెర్న్‌స్టైన్ ప్రచురణ ఆపించి, కూర్చిన అక్షరాలను విడదీయించాడు. ఈ ఉదంతాన్ని ఆయన ఔదార్యానికి నిదర్శనంగా చెప్పడం పరిపాటి. ఔదార్యం నిజమే కావచ్చు, నష్టం కూడా నిజం. పావ్‌లోవ్ బతికి ఉండగా ఆయన సిద్ధాంతం వాదానికి లోబడిన శాస్త్రం. మరణించిన పద్నాలుగేళ్ళకు అది వాదానికి అతీతమైన అధికార సిద్ధాంతం. విమర్శకు చోటున్న కాలం ఆ విధంగా చేజారింది.

గాయపడిన చేతులు

రెండవ ప్రపంచ యుద్ధం ఈ భావాలను ప్రయోగశాల నుంచి ఆసుపత్రికి తెచ్చింది. మనోవిజ్ఞాన శాస్త్రజ్ఞులు లెయోంత్యెవ్, జపరోజెత్స్ గాయపడిన సైనికుల చేతుల పునరుద్ధరణపై చేసిన పని 1945లో వెలువడింది. వీలైనంత ఎత్తు చేయి ఎత్తమన్నప్పుడు రోగి ఒక మేర వరకే ఎత్తగలిగాడు. ఒక గుర్తును తాకమంటే ఇంకొంత, ఎదురుగా వేలాడే వస్తువును అందుకోమంటే మరికొంత పైకి పోయింది. కండరం అదే, కీలు అదే, గాయం అదే. మారినది పని. చేయి ఎంత ఎత్తు లేస్తుందన్నది గాయమే తేల్చే విషయమైతే ఈ తేడా రాకూడదు.

1947లో బెర్న్‌స్టైన్ కదలికల నిర్మాణంపై తన ప్రధాన గ్రంథాన్ని ప్రచురించాడు. కండరాల బిగువు, అవయవాల మధ్య పొందిక, అంతరిక్షంలో గురి, వస్తువులతో చేసే పని, వాటిపైన భాష, రాత వంటి సంకేత వ్యాపారం అనే అంతస్తులుగా చలనాన్ని అందులో అమర్చాడు. పై అంతస్తు పనిని నిర్ణయిస్తే కింది అంతస్తులు దానికి సేవచేస్తాయి. మెదడులో ఏ భాగం ఏ అంతస్తుదన్న ఆయన కేటాయింపులు చాలావరకు కాలగర్భంలో కలిశాయి. అంతస్తుల ఊహ మాత్రం నిలిచింది. 1948లో ఈ గ్రంథానికి స్టాలిన్ బహుమతి లభించింది.

రెండేళ్ళలో గాలి తిరిగింది. 1950 జూన్ 28 నుంచి జూలై 4 వరకు సోవియట్ విజ్ఞాన అకాడమీ, వైద్య విజ్ఞాన అకాడమీ ఉమ్మడిగా జరిపిన సమావేశం పావ్‌లోవ్ బోధనను శరీరక్రియాశాస్త్రానికి ఏకైక ప్రమాణంగా ప్రకటించింది. జన్యుశాస్త్రంలో 1948లో లిసెంకో సమావేశం చేసినదే ఇక్కడ జరిగింది. విచిత్రమేమంటే ప్రధానంగా దాడికి గురైన ఒర్బెలి, అనోఖిన్ ఇద్దరూ పావ్‌లోవ్ శిష్యులే. అనోఖిన్ 1935లోనే ఫలితాన్ని గురించిన వార్త వెనక్కి మరలి రావడం అన్న భావనను ప్రతిపాదించాడు. వలయమనే భావన బెర్న్‌స్టైన్ ఒక్కడి సొత్తు కాదని చెప్పడానికి ఇది చాలు. శిష్యులకే రక్షణ లేని చోట పావ్‌లోవ్ బడికి బయటివాడైన బెర్న్‌స్టైన్‌కు ఉండదు. ఆయన ప్రయోగశాలను కోల్పోయాడు. చురుకుదనం గురించి సామాన్య పాఠకులకు రాసిన గ్రంథం అచ్చుకు నోచుకోలేదు. అది 1991లో గాని వెలుగు చూడలేదు.

అదే 1950లో జర్మనీలో ఫాన్ హోల్‌స్ట్, మిట్టెల్‌స్టెట్, అమెరికాలో స్పెరీ వేరు వేరుగా ఒక విషయం ప్రచురించారు. చలనాజ్ఞ వెలువడేటప్పుడు దాని ప్రతి ఒకటి మెదడులోనే మరొక చోటికి పోతుందని, తన కదలిక వల్ల కలిగే సంవేదనను జీవి దాని ద్వారా గుర్తిస్తుందని వారి ప్రతిపాదన. మాస్కోలో తలుపులు మూసుకున్న ఏడాదే ఇతర చోట్ల అదే దిశకు తలుపులు తెరుచుకున్నాయి. ఇరువైపుల వారికీ పరస్పరం దాదాపు తెలియదు.

తిరిగి తెరిచిన వాదం

స్టాలిన్ మరణానంతరం సైబర్నెటిక్స్ సోవియట్ దేశంలో నెమ్మదిగా గౌరవం పొందసాగింది. 1957లో బెర్న్‌స్టైన్ ప్రచురించిన పత్రంలో కావలసిన విలువ, ఉన్న విలువ, రెండింటినీ పోల్చే అంగం అన్న పరిభాషలో పాత వలయమే తిరిగి కనిపిస్తుంది. గణితజ్ఞుడు గెల్‌ఫాండ్, యంత్రవాదాల సిద్ధాంతి త్సెత్లిన్ నడిపిన మాస్కో సదస్సులలో యువతరం ఈ ప్రశ్నలను చేపట్టింది. అందులో ఒకడైన అనతోలి ఫెల్డ్‌మన్ 1960ల మధ్యలో సమతాస్థితి పరికల్పన ప్రతిపాదించాడు. మెదడు బలాన్ని లెక్కించి పంపదని, కండరం ఏ స్థితి నుంచి స్పందించాలో ఆ ఆరంభబిందువును మాత్రం నిర్ణయిస్తుందని, మిగిలినది వెన్నుపాములోని ప్రతీకార చర్యలు చూసుకుంటాయని దాని సారం. ఈ విధంగా ప్రతీకార చర్య వెళ్ళిపోలేదు, దాని పదవి మారింది. యజమాని స్థానం నుంచి పనిముట్టు స్థానానికి దిగింది.

బెర్న్‌స్టైన్ 1966 జనవరి 16న కన్నుమూశాడు. మరుసటి ఏడాది ఆయన ఎంపిక చేసిన పత్రాల ఆంగ్లానువాదం వెలువడింది. పాశ్చాత్య దేశాలలో చలన పరిశోధన 1970ల నుంచి దానిని మూలగ్రంథంగా స్వీకరించింది. 1999లో షోల్జ్, షోనర్ అనే పరిశోధకులు సుత్తి ప్రశ్నకు గణాంక రూపమిచ్చారు. కీళ్ళ అస్థిరతను ఫలితాన్ని చెడగొట్టేది, చెడగొట్టనిది అని రెండుగా విడదీసి కొలిచి, కుర్చీలోంచి లేచే కదలికలో రెండవది ఎక్కువని చూపారు. 2002లో తొదొరొవ్, జోర్డన్ దీనికి నియంత్రణ సిద్ధాంతం నుంచి వివరణ ఇచ్చారు. పనికి అడ్డురాని తప్పును సరిదిద్దకుండా వదిలివేయడమే పొదుపైన నియంత్రణ అని వారి లెక్క తేల్చింది. ఫెల్డ్‌మన్ అనుయాయులు ఈ వివరణను అంగీకరించరు. బెర్న్‌స్టైన్ పేరును ఇరుపక్షాలూ తమ వంశవృక్షంలో రాసుకుంటాయి.

విడదీయించిన అక్షరాలలో మిగిలిన ఒక అచ్చుప్రతి నుంచి, పావ్‌లోవ్‌పై విమర్శ గ్రంథం 2003లో మాస్కోలో ప్రచురితమైంది.